వియన్నా లాటరీ, వెనక్కి నడిచే లోకం

వియన్నా జనానికి లాటరీ పిచ్చి పట్టించింది సాక్షాత్తూ ప్రభుత్వమే. ఇటలీలోని జెనోవాలో పుట్టిన ఆ ఆటకు 1751లో మహారాణి మారియా థెరీసా తన రాజ్యంలో అనుమతి ఇచ్చింది. మొదట గుత్తకిచ్చారు. 1787లో ఆమె కొడుకు రెండో జోసెఫ్ గుత్త తీసేసి ఆటను నేరుగా సర్కారు చేతిలోకి తెచ్చుకున్నాడు. నియమం చాలా చిన్నది. 1 నుంచి 90 వరకు అంకెలు, వాటిలోంచి 5 తీస్తారు. మన క్లబ్బుల్లో, పెళ్లిళ్ల సందడిలో ఆడే హౌసీ కూడా ఈ 90 అంకెల వంశంలోదే. రెండంకెలు చెప్పి పందెం కాస్తే తగిలే అవకాశం దాదాపు 400లో ఒకటి. మూడంకెలకు 11,748లో ఒకటి. ఐదుకు ఐదూ తగలాలంటే 4,39,49,268లో ఒకటి.

ఇంత లెక్క ఎవరిక్కావాలి? కలలో ఏది కనిపిస్తే ఏ అంకె కాయాలో చెప్పే కలల పుస్తకాలు అచ్చయ్యేవి. నగరం శివార్లలో సీవరింగ్ దగ్గర అడవిలో ఒక ఊట ఉంది. అందులోకి తొంగిచూస్తే గెలిచే అంకెలు కనబడతాయని పేదాసాదా అక్కడికి నడిచి వెళ్లేవారు. పందెంరాయుళ్లకు ఇంకో నమ్మకం కూడా ఉంటుంది, అది వియన్నాకే పరిమితం కాదు. 1, 2, 3, 4, 5 అని వరసగా కాయడానికి చెయ్యి రాదు. అంత వరసగా ఎక్కడ పడతాయిలే అనిపిస్తుంది. 17, 29, 41, 63, 88 అంటే మాత్రం ఎందుకో నమ్మకంగా ఉంటుంది. నిజానికి ఈ రెండు వరసలకూ అవకాశం సరిసమానం, వెంట్రుకవాసి తేడా లేదు.

1877లో లుడ్విగ్ బోల్ట్జ్‌మన్ అనే 33 ఏళ్ల భౌతికశాస్త్రవేత్త సరిగ్గా ఈ సంగతినే ఉదాహరణగా తీసుకున్నాడు. ఆయనకు ఎదురైన ప్రశ్న లాటరీది కాదు, కాలం ఎందుకు వెనక్కి పోదు అన్నది. శాస్త్ర చరిత్రలో అంత పెద్ద ప్రశ్నకు అంత చవకైన ఉదాహరణ మరొకటి దొరకదేమో.

ఆ ప్రశ్న వియన్నాలోనే, ఎర్డ్‌బర్గ్ అనే పేటలోనే రూపు కట్టింది. 1850లో క్రిస్టియన్ డాప్లర్ మొదటి అధిపతిగా వియన్నా విశ్వవిద్యాలయానికి భౌతికశాస్త్ర సంస్థ ఏర్పడింది. రైలు కూత దగ్గరికొస్తున్నప్పుడు ఒకలా, దాటిపోయాక ఒకలా ఎందుకు వినబడుతుందో చెప్పిన డాప్లరే ఆయన. సంస్థకు సొంత భవనం లేదు. ఎర్డ్‌బర్గ్‌లో ఒక మామూలు ఇంట్లో నడిచేది, పరికరాలూ అంతంతమాత్రమే. 1860ల్లో దాన్ని జోసెఫ్ స్టెఫాన్ నడిపాడు. చదువుకోవడానికి వచ్చిన బోల్ట్జ్‌మన్ చేతిలో ఆయన మొట్టమొదట పెట్టినవి రెండు: భౌతికశాస్త్రవేత్త మాక్స్‌వెల్ పరిశోధన వ్యాసాలు, వాటిని చదవడానికి ఒక ఇంగ్లీషు వ్యాకరణం. కుర్రాడికి అప్పటికి ఇంగ్లీషు రాదు మరి. చాలా ఏళ్ల తర్వాత కూడా బోల్ట్జ్‌మన్ ఆ పాత ఇంటిని ప్రేమగా తలుచుకునేవాడు. గ్రాట్జ్‌లో తన ప్రయోగశాలలో పని ఊపందుకున్నప్పుడు అది తన చిన్న ఎర్డ్‌బర్గ్ అని నవ్వుతూ చెప్పుకునేవాడు.

అక్కడే యోసెఫ్ లోష్మిట్ ఉండేవాడు. బొహీమియాలో బీద రైతు కుటుంబంలో 1821లో పుట్టాడు. వ్యాపారాలు పెట్టి చేతులు కాల్చుకున్నాడు, ఆ తర్వాత వియన్నాలో బడిపంతులయ్యాడు. ఆ పంతులు ఉద్యోగంలో ఉండగానే 1865లో గాలి అణువు ఎంత ఉంటుందో లెక్కగట్టాడు. మిల్లీమీటరులో పది లక్షలవ వంతు అన్నాడు. ఇప్పటి కొలతలతో పోలిస్తే కాస్త పెద్దదే. మామూలు ఒత్తిడిలో, సున్నా డిగ్రీల వద్ద ఒక ఘన సెంటీమీటరు గాలిలో 27 పక్కన 18 సున్నలు పెడితే వచ్చేటన్ని అణువులుంటాయి. ఆ సంఖ్యకు ఇవాళ ఆయన పేరే ఉంది. బోల్ట్జ్‌మన్ కంటే 23 ఏళ్లు పెద్ద, అయినా ఇద్దరూ స్నేహితులు. బోల్ట్జ్‌మన్ సిద్ధాంతానికి మొదటి గట్టి దెబ్బ ఈ స్నేహితుడి నుంచే తగిలింది.

ఆ సిద్ధాంతం 1872 నాటిది. వేడి వస్తువు చల్లారుతుంది కానీ చల్లనిది తనంతట తాను వేడెక్కదు, కాఫీలో పాలు కలుస్తాయి కానీ విడిపోవు. ఇది అందరికీ తెలిసిన అనుభవం, ఉష్ణశాస్త్రంలో రెండో నియమం. దీన్ని అణువుల గుద్దులాటల లెక్కతోనే నిరూపించానని బోల్ట్జ్‌మన్ అన్నాడు. అణువుల వేగాలు ఎలా పంచుకుని ఉన్నాయన్నదాన్ని బట్టి ఒక పరిమాణాన్ని నిర్వచించాడు. తర్వాత దానికి హెచ్ అనే పేరు స్థిరపడింది. గుద్దులాటలు సాగేకొద్దీ హెచ్ తగ్గుతుంది, తగ్గి ఆగుతుంది, పెరగదు. కాలానికి దిక్కు ఎటో అణువుల యంత్రశాస్త్రంలోంచే తేలిపోయిందన్నమాట. అలా అనిపించింది.

రెండేళ్లకు బ్రిటన్‌లో విలియం థామ్సన్ (తర్వాత లార్డ్ కెల్విన్ అయినవాడు) నేచర్ పత్రికలో ఒక వింత లోకాన్ని ఊహించి రాశాడు. ఒక్క క్షణంలో విశ్వంలోని ప్రతి కణం వేగాన్నీ తిరగేశామనుకోండి. జలపాతం అడుగున నురుగు మళ్లీ నీరై పైకెగురుతుంది. బండరాళ్లు బురదలోంచి తమ ముక్కల్ని ఏరుకుని తిరిగి కొండ శిఖరానికి అతుక్కుంటాయి. జీవులు ముసలితనం నుంచి పసితనానికి ఎదిగి, పుట్టకముందుకు చేరతాయి. వాళ్లకు రాబోయేది తెలిసి ఉంటుంది, గడిచింది గుర్తుండదు. పిట్టకథ కాదిది. న్యూటన్ సూత్రాల్లో ఒక్క అక్షరం కూడా ఈ లోకాన్ని కాదనదు. భూమి సూర్యుడి చుట్టూ ఇటు తిరిగినా అటు తిరిగినా ఆ సూత్రాలకు ఒక్కటే.

1876లో లోష్మిట్ ఆ తిరగేతనే తన స్నేహితుడి ముందు పెట్టాడు. హెచ్ తగ్గుతూ వచ్చిన ఒక వాయువును తీసుకో, ప్రతి అణువునూ వెనక్కి తిప్పు. వచ్చిన దారినే పోతాయి కాబట్టి ఇప్పుడు హెచ్ పెరుగుతుంది. వెనకా ముందూ తేడా చూపని సూత్రాల నుంచి ఒకవైపే పోయే నియమం ఎలా పుట్టుకొచ్చింది? లోష్మిట్‌కు ఇందులో సొంత పట్టు కూడా ఉంది. విశ్వమంతా చివరికి ఒకే వెచ్చదనానికి చేరి చచ్చుబడిపోతుందని అప్పట్లో రెండో నియమం పేరు చెప్పి భయపెట్టేవారు. ఆ భయాన్ని వదిలించాలన్నది ఆయన కోరిక. నీ తిరగేత సరే, నువ్వే తిప్పి చూపించు అని బోల్ట్జ్‌మన్ జవాబిచ్చాడని భౌతికశాస్త్రం వాళ్లు చెప్పుకుంటారు. కట్టుకథే అయుండొచ్చు, చెప్పుకోవడానికి మాత్రం బాగుంటుంది.

అసలు జవాబు 1877లో వచ్చింది. లాటరీ అందులోనే ఉంది. అణువులు గది అంతా సమంగా పరుచుకున్న ఏ ఒక్క అమరికను తీసుకున్నా, అది అన్నీ ఒక మూలకు చేరిన అమరిక ఎంత అరుదో అంతే అరుదు. 1, 2, 3, 4, 5 ఎంతో 17, 29, 41, 63, 88 అంతే అయినట్టు. తేడా సంఖ్యలో ఉంది. మూలకు చేరిన అమరికలు పిడికెడు, పరుచుకున్న అమరికలు లెక్కలేనన్ని. వంద అణువులే ఉన్న డబ్బాలో అన్నీ ఎడమ సగంలోనే ఉండే అవకాశం, రెండును వందసార్లు గుణిస్తే వచ్చే సంఖ్యలో ఒకటి. ఆ సంఖ్యకు 31 అంకెలు. లోష్మిట్ తిరగేత అబద్ధం కాదు, హెచ్ పెరిగే ఆరంభాలు ఉన్నాయి. కాకపోతే కోటానుకోట్ల చీట్ల మధ్య ఒకటీ అరా.

ఇక్కడే బోల్ట్జ్‌మన్ తన మాట కొంత వెనక్కి తీసుకున్నాడనాలి. 1872లో తిరుగులేని నియమం అన్నది 1877 నాటికి బహుశా అని చెప్పే నియమమైంది. పైకి ఒప్పుకోలేదు కానీ పని మొత్తం ఆ దిక్కుకే తిరిగింది. అదే ఏడు రాసిన మరో పెద్ద వ్యాసంలో ఒక స్థితి ఎన్ని విధాలుగా కుదురుతుందో లెక్కపెట్టి, ఎంట్రోపీకి (పెరుగుతుందే కానీ తగ్గదని రెండో నియమం చెప్పే పరిమాణానికి) ఆ లెక్కే ఆధారమని చూపించాడు. రెండో నియమం అవకాశాల మాట అన్న ఊహ ఆయన ఒక్కడిదే కాదు. సముద్రంలో పారబోసిన గ్లాసుడు నీళ్లను అవే నీళ్లుగా తిరిగి ముంచుకోలేమన్నది ఎంత నిజమో రెండో నియమమూ అంతే నిజమని మాక్స్‌వెల్ 1870లోనే ఒక ఉత్తరంలో రాశాడు. చీట్లు లెక్కపెట్టే పద్ధతిని తయారుచేసింది మాత్రం బోల్ట్జ్‌మనే.

రెండో దెబ్బకు దాదాపు ఇరవై ఏళ్లు పట్టింది. దాని మూలం ఒక రాజుగారి పుట్టినరోజు. స్వీడన్, నార్వేల రాజు రెండో ఆస్కార్ అరవయ్యేళ్ల పండుగకు, 1889 జనవరికి, గణితంలో ఒక బహుమతి ప్రకటించారు. గెలిచింది ఫ్రాన్స్‌కు చెందిన హెన్రీ పోయింకరే. వ్యాసం అచ్చయ్యాక అందులో పెద్ద తప్పు బయటపడింది. ప్రతులన్నీ వెనక్కి రప్పించి మళ్లీ అచ్చు వేయించాల్సి వచ్చింది. బహుమతి 2,500 క్రౌన్లు, అచ్చు ఖర్చు కింద పోయింకరే కట్టింది 3,500కు పైగా! అలా దిద్ది 1890లో వెలువడిన వ్యాసంలో ఒక సిద్ధాంతం ఉంది. హద్దులు దాటి పోలేని ఒక యాంత్రిక వ్యవస్థను దాని మానాన వదిలేస్తే, చాలినంత కాలం గడిచాక అది దాదాపు మొదలైన స్థితికే తిరిగి వస్తుంది. ఒకసారి కాదు, మళ్లీ మళ్లీ.

1896లో బెర్లిన్‌లో మాక్స్ ప్లాంక్ దగ్గర సహాయకుడిగా ఉన్న ఎర్నెస్ట్ జెర్మెలో దీన్ని బోల్ట్జ్‌మన్ మీదికి తిప్పాడు. డబ్బాలోని వాయువు కూడా యాంత్రిక వ్యవస్థే కదా. ఏదో ఒకనాడు అది మొదటి స్థితికి రాక తప్పదు. వచ్చిందంటే హెచ్ మళ్లీ పెరిగిందన్నమాట. అయితే వేడి అణువుల కదలికే అన్న మాటైనా తప్పు కావాలి, రెండో నియమమైనా తప్పు కావాలి. జెర్మెలో మొదటి మాటనే తప్పు పట్టాడు. అప్పటికి ప్లాంక్‌కూ అణువుల మీద పెద్ద గురి లేదు.

బోల్ట్జ్‌మన్ అప్పటికి వియన్నాలో ఆచార్యుడు. జవాబులో కోపం కనబడుతుంది, అంతకంటే ఎక్కువగా పందెం కనబడుతుంది. పాచిక వెయ్యిసార్లు వేస్తే వెయ్యిసార్లూ ఒకటే పడే అవకాశం సున్నా కాదు. అది తనకెప్పుడూ పడలేదు కాబట్టి పాచికలో మోసం ఉందనే జూదరి వాదన లాంటిదే జెర్మెలోదీ అన్నాడు. ఆ వెయ్యి ఒకట్లకు అవకాశం 779 అంకెల సంఖ్యలో ఒకటి. తర్వాత ఒక ఘన సెంటీమీటరు వాయువు తన స్థితికి తిరిగి రావడానికి ఎంతకాలం పడుతుందో లెక్క వేశాడు. ఆ సంఖ్యలో ఎన్ని అంకెలున్నాయో లెక్కపెట్టడానికే ఒక జీవితం చాలదు. అది చదివేవాళ్ల తలకెక్కడానికి మరో లోకాన్ని సృష్టించాడు. టెలిస్కోపుకు అందే ప్రతి నక్షత్రం చుట్టూ సూర్యుడికున్నన్ని గ్రహాలు, ప్రతి గ్రహం మీదా భూమి మీద ఉన్నంతమంది జనం, ఒక్కొక్కరికీ ఊహకందని ఆయుష్షు. వాళ్లందరి జీవితాల సెకన్లు కలిపినా యాభై అంకెలు దాటవట.

ఈ లోకాలు అల్లే అలవాటు ఆయనకు అప్పటికే ఉంది. 1895లో నేచర్‌కు రాసిన ఉత్తరంలో తన పాత సహాయకుడు డాక్టర్ షూట్జ్ చెప్పిన ఊహ అంటూ ఒకటి చెప్పాడు. విశ్వం మొత్తం ఎప్పుడో సమస్థితికి చేరి చచ్చుబడి ఉంది. అంత పెద్ద విశ్వంలో ఎక్కడో ఒకచోట, ఎప్పుడో ఒకప్పుడు, లాటరీ తగిలినట్టు అనుకోకుండా కొంత భాగం క్రమంలోకి వస్తుంది. మనం ఉన్నది అలాంటి ఒక ముక్కలో. ఆ తర్వాతి రచనల్లో ఇంకో అడుగు వేశాడు. అంతరిక్షంలో పైన, కింద అనేవి లేవు, భూమి మీద నిలబడ్డవాడికి మాత్రమే ఉన్నాయి. కాలానికీ అంతే. తక్కువ అవకాశమున్న స్థితి ఎటువైపుంటే అక్కడి జీవులు ఆ వైపును గతం అంటారు. విశ్వంలో వేరే చోట, వేరే ముక్కలో, మన భవిష్యత్తు వైపునే గతం అని పిలిచే జీవులుండొచ్చు. థామ్సన్ ఊహించిన తలకిందుల లోకంలో జనం విడ్డూరంగా ఉంటారు. బోల్ట్జ్‌మన్ లోకంలో జనానికి తాము వెనక్కి నడుస్తున్నామన్న స్పృహే ఉండదు. నిజానికి వాళ్లు నడవడం లేదు కూడా.

వియన్నాలో ఈ మాటలకు చెవి ఒగ్గినవాళ్లు తక్కువ. 1895 నుంచి అక్కడ తత్వశాస్త్ర పీఠంలో ఎర్నెస్ట్ మాఖ్ ఉన్నాడు. కంటికి కనబడని అణువును నమ్మడం శాస్త్రం కాదన్నది ఆయన పట్టు. అణువు మాట ఎత్తినవాణ్ని నువ్వు ఒక్కదాన్నైనా చూశావా అని నిలదీసేవాడు. బోల్ట్జ్‌మన్ 1900లో లైప్‌జిగ్ వెళ్లి 1902లో తిరిగి వచ్చాడు. చూపు మందగించింది, మనోవ్యాధి ముదిరింది. 1906 సెప్టెంబరులో ట్రియెస్ట్ దగ్గర డూయినోలో తన ప్రాణం తానే తీసుకున్నాడు. మాఖ్‌తో వాదాలే ఆయన్ను చంపాయని చాలామంది రాస్తారు. జబ్బు ఎన్నో ఏళ్లది, ఆ కథ మరీ సులువుగా అల్లినది. అసలు విచిత్రం వేరే ఉంది. ఆయన పోవడానికి ముందే, 1900 డిసెంబరులో, అదే ప్లాంక్ కాంతి లెక్క ఎటూ తేలక బోల్ట్జ్‌మన్ చీట్ల పద్ధతినే అరువు తెచ్చుకున్నాడు. క్వాంటం సిద్ధాంతం అలా మొదలైంది. 1905లో ఐన్‌స్టీన్ నీటిలో తేలే రేణువుల వణుకును అణువుల లెక్కతో వివరించాడు.

వాదం తేలడానికి మాత్రం ఇంకో ఆట కావలసి వచ్చింది. బోల్ట్జ్‌మన్ శిష్యుడు పాల్ ఎరెన్‌ఫెస్ట్, ఆయన భార్య తత్యానా కలిసి 1907లో రెండు పెట్టెల ఆట రాశారు. వరస అంకెలు వేసిన బంతులన్నీ ఒక పెట్టెలో. సంచిలోంచి ఒక చీటీ తీస్తారు, ఆ అంకె బంతిని ఉన్న పెట్టెలోంచి రెండో పెట్టెకు మారుస్తారు. చీటీ మళ్లీ సంచిలోకి. అంతే. రెండు కుక్కల మధ్య గెంతే ఫ్లీ పురుగులు అని తర్వాతివాళ్లు దీనికి ముద్దు పేరు పెట్టారు. ఈ ఆటలో ముందుకూ వెనక్కూ తేడా లేదు. మొదటి స్థితి తిరిగి రావడం ఖాయం కూడా. అంటే లోష్మిట్, జెర్మెలో ఇద్దరూ ఒప్పే. అయినా ఆడి చూస్తే బంతులు గబగబా సగం సగం అయి, అక్కడే కాస్త అటూ ఇటూ ఊగుతుంటాయి. బోల్ట్జ్‌మనూ ఒప్పే.

ఎంతసేపు కూర్చోవాలన్నదే మిగిలిన ప్రశ్న. సెకనుకొక చీటీ చొప్పున తీస్తే, 10 బంతులు మళ్లీ మొదటి పెట్టెకే చేరడానికి సగటున 17 నిమిషాలు. 20 బంతులకు 12 రోజులు. 40కి దాదాపు 35 వేల ఏళ్లు. 60కి 3,650 కోట్ల ఏళ్లు, మన విశ్వం వయసు 1,380 కోట్లే. 1947లో మార్క్ కాట్స్ 20 వేల బంతులతో ఈ లెక్క వేసి చూపించాడు. అన్నీ ఒకే పెట్టెలోకి రావడానికి పట్టే సెకన్ల సంఖ్యకు 6 వేల పైచిలుకు అంకెలు. అదే ఆటలో సరిగ్గా సగం సగం ఉన్న స్థితి పోయి మళ్లీ రావడానికి 3 నిమిషాలు చాలు. రెంటికీ నియమం ఒక్కటే, ఒకటి మళ్లీ రాదంటాం, రెండోది ఎప్పుడూ ఉంటుందంటాం.

మారియన్ స్మోలుచోవ్‌స్కీ ఇదే సంగతిని నిజమైన రేణువులతో చూపించాడు. ఆయన వియన్నాలో చదువుకున్న పోలిష్ శాస్త్రవేత్త. సూక్ష్మదర్శిని కింద ఒక చిన్న చోట ఎన్ని రేణువులున్నాయో స్వెడ్‌బెర్గ్ అనే శాస్త్రవేత్త పదేపదే లెక్కపెట్టి ఉంచిన పట్టిక ఆయనకు దొరికింది. సగటున ఉండేవి ఒకటి రెండే. 7 రేణువులు ఒకేసారి కనబడటం అరగంట లోపే మళ్లీ జరిగేది. 17 కనబడాలంటే లెక్క ప్రకారం 5 లక్షల ఏళ్లు. స్మోలుచోవ్‌స్కీ చేసిన ఈ పనిని మన సుబ్రహ్మణ్యన్ చంద్రశేఖర్ 1943లో ఒక సుదీర్ఘ సమీక్షలో విడమరిచి, పక్కన ఒక చిన్న పట్టిక ఇచ్చాడు. గాలిలో ఒక చిన్న గోళాన్ని ఊహించండి. అందులో ఆక్సిజన్ పాలు దానంతటది ఒక్క శాతం మారి, మళ్లీ అలా మారడానికి ఎంతకాలం? గోళం వ్యాసార్ధం మిల్లీమీటరులో పదివేలవ వంతు అయితే సెకనులో పదివేల కోట్లవ వంతు. అలాంటి వంతులు రెండున్నర అయితే ఒక సెకను. మూడు అయితే పది లక్షల సెకన్లు, అంటే పదకొండు రోజుల పైన. అయిదుకు పెంచితే ఒకటి పక్కన 68 సున్నల సెకన్లు. ఒక్క సెంటీమీటరు గోళానికి సున్నల లెక్కే పద్నాలుగు సున్నలదాకా పోతుంది. పట్టికలో నాలుగడుగులు వేసేలోపు నిత్యం జరిగేది ఎన్నడూ జరగనిదిగా మారిపోతుంది.

షూట్జ్ పేరుతో చెప్పిన విశ్వకథ మాత్రం గట్టెక్కలేదు. దాన్ని పడగొట్టింది కూడా చీట్ల లెక్కే. 1931లో ఆర్థర్ ఎడింగ్టన్ ఎత్తిచూపిన చిక్కు ఇది. అనుకోకుండా క్రమం ఏర్పడటమే నిజమైతే, పెద్ద క్రమం కంటే చిన్న క్రమం కోటానుకోట్ల రెట్లు సులువు. కోట్ల నక్షత్రాలతో ఇంత విశ్వం ఏర్పడటం కన్నా, ఆలోచించే ఒక్క మనిషి మాత్రం ఏర్పడటం చాలా చవక. ఇంకా చెప్పాలంటే ఒక మెదడు చాలు. దొంగ జ్ఞాపకాలన్నీ నింపుకుని, శూన్యంలో క్షణంపాటు వెలిగి ఆరిపోయే మెదడు. 2004లో దీనికి బోల్ట్జ్‌మన్ మెదడు అని పేరు పెట్టారు, పాపం ఆయన ఎన్నడూ ఆ మాట అనలేదు. ఇవాళ విశ్వోద్భవ సిద్ధాంతాలు రాసేవాళ్లు తమ లెక్కలో నిజమైన మనుషుల కంటే ఇలాంటి మెదళ్లే ఎక్కువ తేలితే ఆ సిద్ధాంతాన్ని చెత్తబుట్టలో వేస్తారు. ఆదిలోనే విశ్వం అంత తక్కువ అవకాశమున్న స్థితిలో ఎందుకుందన్నదే ఇప్పుడు అసలు ముడి. అది ఇంకా విడలేదు.

లోష్మిట్ తిరగేతను నిజంగా చేసి చూపించినవాళ్లు కూడా తర్వాత వచ్చారు. 1950లో అమెరికాలో ఇలినాయ్ విశ్వవిద్యాలయంలో ఎర్విన్ హాన్ హైడ్రోజన్ కేంద్రకాల చిన్న అయస్కాంతాలను ఒకే దిక్కుకు తిప్పి వదిలాడు. తలోవేగంతో తిరిగి అవి చెల్లాచెదురయ్యాయి, సంకేతం ఆగిపోయింది. అప్పుడు ఒక రేడియో తరంగాన్ని గుప్పున పంపితే, చెదిరినవి తిరిగి ఒక వరసలోకి వచ్చి, ఆగిపోయిన సంకేతం ప్రతిధ్వనిలా మళ్లీ పలికింది. దీనికి స్పిన్ ఎకో అని పేరు. 1970లో ఎంఐటీలో జాన్ వా బృందం కేంద్రకాలు ఒకదానిమీద ఒకటి చూపే ప్రభావాన్ని కూడా వెనక్కి తిప్పింది. ఆ పనికి వాళ్లు తలుచుకున్న పేరు లోష్మిట్‌దే.

హాన్ పద్ధతి ఇవాళ హైదరాబాదు, విజయవాడ ఆసుపత్రుల్లో ఎమ్మారై యంత్రాల్లో రోజూ నడుస్తోంది. మోకాలు, మెదడు, వెన్నుపూస ఏ స్కాన్‌లోనైనా చాలా బొమ్మలు ఈ ప్రతిధ్వనులతోనే గీస్తారు. అన్ని అణువులూ వచ్చిన దారినే తిరిగి రావు కాబట్టి ప్రతిధ్వని మొదటి సంకేతం కంటే ఎప్పుడూ బలహీనంగానే ఉంటుంది. ఆ తరుగుదల ఒక్కో కణజాలంలో ఒక్కో వేగంతో సాగుతుంది. నీరు చేరి వాచిన చోట నెమ్మదిగా తరుగుతుంది, అందుకే ఆ చోటు బొమ్మలో తెల్లగా వస్తుంది. రిపోర్టులో టీ2 అని రాసేది ఆ తరుగుదల కాలాన్నే.